చెడుగుడు: కృష్ణా డెల్టా ఆట సంస్కృతి

చెడుగుడు బంతి, బ్యాటు వంటివేవీ అక్కర్లేని జట్టు ఆట. నడిమి గీతకు అటూ ఇటూ రెండు జట్లు నిలబడతాయి. ఒక జట్టు మనిషి ఊపిరి బిగబట్టి, కూత పెడుతూ ఎదుటివాళ్ల బరిలోకి దిగుతాడు. అక్కడ ఒకరినో ఇద్దరినో అంటి, కూత తెగేలోగా గీత దాటి వెనక్కి వస్తే అతనిది గెలుపు. రానివ్వకుండా పట్టి ఆపితే వాళ్లది గెలుపు. నియమాల పుస్తకంలోకి ఎక్కిన రూపాన్ని కబడ్డీ అంటారు. ప్రకాశం బ్యారేజీకి దిగువన, కృష్ణకు రెండు పక్కలా కాలువల కింద సాగయ్యే నేల కృష్ణా డెల్టా. బందరు, గుడివాడ, అవనిగడ్డ, దివిసీమ దాని తూర్పు భాగం. తెనాలి, రేపల్లె పడమటి భాగం. ఆట నియమాలతో పాటు ఈ ప్రాంతంలో ఆట చుట్టూ అల్లుకున్న జనజీవితాన్ని, అంటే ఎప్పుడు ఆడతారు, ఎక్కడ ఆడతారు, ఎవరు చూస్తారు, డబ్బు ఎవరు పెడతారు, గొడవలు ఎందుకు వస్తాయి అన్నదాన్ని ఈ వ్యాసం వివరిస్తుంది. నియమాలు బయటి నుంచి వచ్చాయి. కాలం, నేల, జనం మాత్రం డెల్టావే.

పేర్లు, మాటలు

తెలుగులో చెడుగుడు, తమిళంలో సడుగుడు, మరాఠీలో హుతుతు, బెంగాలీలో హాడుడు. ఇవన్నీ కూతలో పలికే శబ్దాలే. ఒక్క గుక్కలో ఆగకుండా దొర్లించడానికి వీలైన అక్షరాలు ఆట పేర్లయ్యాయి కాబట్టి వాటికి నిఘంటువులో అర్థం వెతకడం వృథా శ్రమ. కబడ్డీ అనే మాటను తమిళంలోని 'కై', 'పిడి' అనే రెండు మాటలకు ముడిపెట్టి, చేతులు పట్టుకోవడం అని అర్థం చెప్పేవారున్నారు. దాన్ని ఊహగా తీసుకోవడమే మేలు.

పల్లెల్లో ఆటకు సొంత పరిభాష ఉంది. బరిలోకి వెళ్లేవాడు 'కూతకెళ్తాడు'. అంటబడినవాడు 'చస్తాడు', తన జట్టువాడు ఎదుటి పక్షంలో ఒకరిని చంపితే 'లేస్తాడు'. మధ్యలో ఊపిరి ఆడితే 'కూత తెగింది' అంటారు. జట్టంతా చస్తే వచ్చే అదనపు పాయింట్లకు 'లోనా' అని పేరు. టీవీ వచ్చాక రైడు, రైడర్, డిఫెండర్, ట్యాకిల్ అనే మాటలు కుర్రాళ్ల నోట పడ్డాయి. పత్రికల క్రీడా పేజీలు మాత్రం నేటికీ 'కూత'ను వదల్లేదు.

ఈ మాటలు ఆటస్థలం దాటి వాడుకలోకి వచ్చాయి. ఒక బ్యాటరు బౌలర్లను చితక్కొడితే 'చెడుగుడు ఆడుకున్నాడు' అంటాం. ఎన్నికల్లో నిలబడ్డవాడు 'బరిలో' ఉంటాడు, సవాలు విసిరేవాడు 'తొడగొడతాడు'. బరి, తొడగొట్టడం కుస్తీకి, కోడి పందేలకూ చెందిన మాటలే కనుక వీటిని ఒక్క చెడుగుడు ఖాతాలో వేయలేం. 'చెడుగుడు ఆడుకోవడం' మాత్రం అచ్చంగా ఈ ఆటదే.

ఆట తీరు

అధికారిక కబడ్డీలో పురుషుల బరి 13 మీటర్ల పొడవు, 10 మీటర్ల వెడల్పు ఉంటుంది. స్త్రీల బరి కొలత 12, 8 మీటర్లు. జట్టులో 12 మంది ఉన్నా బరిలో ఆడేది ఏడుగురు. పురుషుల పోటీ 20 నిమిషాల చొప్పున రెండు భాగాలు, నడుమ 5 నిమిషాల విరామం. పురుషుల బరిలో నడిమి గీతకు 3.75 మీటర్ల దూరాన బాక్ లైన్, దానికి మరో మీటరు లోపల బోనస్ లైన్ ఉంటాయి. కూతకెళ్లినవాడు ఎవరినైనా అంటాలి, లేదా కనీసం బాక్ లైన్ దాటి రావాలి. అవతల ఆరుగురు లేదా ఏడుగురు ఉన్నప్పుడు బోనస్ లైన్ దాటి కాలు మోపితే ఒక పాయింటు వస్తుంది. లోనాకు రెండు పాయింట్లు. ముగ్గురో అంతకన్నా తక్కువ మందో మిగిలిన జట్టు కూతగాణ్ని పట్టేస్తే ఒక పాయింటు అదనం. కూతకు గడువు 30 సెకన్లు.

ఆటను మార్చేసింది ఈ చివరి నియమమే. గడియారం లేని పాత ఆటలో కూత ఎంతసేపు సాగాలన్నది ఊపిరితిత్తులు తేల్చేవి. దమ్మున్నవాడు బరిలో తిరుగుతూనే ఉండేవాడు. పట్టుకున్నవాళ్లు అతన్ని వదలకుండా నొక్కిపెట్టి, కూత ఎప్పుడు తెగుతుందా అని చెవి పెట్టి వినేవాళ్లు. కూత తెగిందో లేదో తేల్చాల్సింది ఊరి పెద్దమనిషో, బడి వ్యాయామ ఉపాధ్యాయుడో. పది మంది అరుపుల మధ్య, దుమ్ములో, నలుగురి కింద పడి ఉన్న మనిషి గొంతు వినడం ఎంత కష్టమో చెప్పనక్కర్లేదు. పల్లె పోటీల్లో తగాదాలు చాలావరకు ఇక్కడే పుట్టాయి. కూత ఆగకూడదన్న నియమం ఇప్పటికీ ఉంది. కానీ టీవీలో ఆట చూసేవాడి కన్ను గడియారం మీదే ఉంటుంది.

పాత ఆటలో మూడు పద్ధతులుండేవి. సంజీవని పద్ధతిలో చచ్చినవాడు తిరిగి లేస్తాడు. గామిని పద్ధతిలో లేవడమనేది లేదు. ఒక జట్టు మొత్తం చచ్చేదాకా ఆట సాగుతుంది. అమర్ పద్ధతిలో అంటబడినవాడు కూడా బరిలోనే ఉంటాడు, పాయింట్లు మాత్రం లెక్కకు వస్తాయి. నేటి కబడ్డీ సంజీవనికి దగ్గర. పిల్లలు వీధిలో ఆడుకునేటప్పుడు జట్టుకు ఎంతమంది అన్న పట్టింపు లేదు. వచ్చినవాళ్లను చెరిసగం చేసుకుంటారు, చెప్పులు విడిచి ఒక గీత గీసుకుంటారు.

చరిత్ర

చెడుగుడు ఎంత పాతదో చెప్పడానికి గట్టి ఆధారం లేదు. అభిమన్యుడు పద్మవ్యూహంలో చిక్కుకున్న కథను ఆట పుట్టుకగా చెప్పడం రివాజు. ఒంటరిగా శత్రువుల మధ్యకు వెళ్లి బయటపడలేకపోవడమన్న పోలిక బాగానే ఉన్నా, పోలిక చరిత్ర కాదు.

రాతలో నియమాలు పుట్టింది మహారాష్ట్ర ప్రాంతంలో. సతారాలో 1918 ప్రాంతంలో ఆటకు ఒక రూపం ఇచ్చారు. 1923లో నియమాలు అచ్చయ్యాయి, అదే ఏడాది బరోడాలో వాటి ప్రకారం అఖిల భారత పోటీ జరిగింది. 1936 బెర్లిన్ ఒలింపిక్స్ సందర్భంగా అమరావతికి చెందిన హనుమాన్ వ్యాయామ ప్రసారక మండలి సభ్యులు అక్కడ ఆటను ప్రదర్శించారు. ఈ అమరావతి విదర్భలోని ఊరు, కృష్ణ ఒడ్డున ఉన్నది కాదు. 1938లో కలకత్తాలో జరిగిన భారత ఒలింపిక్ క్రీడల్లో కబడ్డీకి చోటు దొరికింది. 1950లో అఖిల భారత సమాఖ్య ఏర్పడింది. పురుషుల తొలి జాతీయ పోటీలు 1952లో మద్రాసులో, స్త్రీలవి 1955లో కలకత్తాలో జరిగాయి. 1952 నాటికి విజయవాడ, గుంటూరు, బందరు మద్రాసు రాష్ట్రంలోనే ఉన్నాయి. ఆంధ్ర రాష్ట్రం 1953 అక్టోబరు 1న ఏర్పడింది. అంటే తొలి జాతీయ పోటీలు డెల్టా ప్రజల సొంత రాజధానిలోనే జరిగాయి.

1962లో పాఠశాల క్రీడల సమాఖ్య కబడ్డీని తన పోటీల్లో చేర్చింది. పల్లె ఆట నియమాల ఆటగా మారడానికి డెల్టాలో అసలు తోడ్పడింది బడే. డ్రిల్లు మాస్టారు విజిల్ ఊదాకే ఆట మొదలవడం, సున్నంతో గీతలు గీయడం, ఏడుగురే ఆడాలనడం, పాయింట్లు కాగితం మీద రాయడం ఊరి కుర్రాళ్లు అక్కడే నేర్చుకున్నారు. బందరులో నోబుల్ కళాశాల పునాది 1843 నాటిది. విజయవాడలో ఎస్.ఆర్.ఆర్., సి.వి.ఆర్. కళాశాల 1937లో వచ్చింది, ఆంధ్ర లయోలా 1950ల్లో వచ్చింది. ఇలాంటి కళాశాలల మధ్య, తర్వాత విశ్వవిద్యాలయాల మధ్య జరిగే పోటీలు పల్లె ఆటగాడికి రెండో మెట్టు అయ్యాయి.

నగరంలో ఇంకో దారి వ్యాయామశాల. విజయవాడ దేహదారుఢ్య సంస్కృతికి గుర్తుగా నిలిచిన పేరు దండమూడి రాజగోపాలరావు. కృష్ణా జిల్లా గండిగుంటలో పుట్టిన ఆయన బరువులెత్తడంలో దేశానికి ప్రాతినిధ్యం వహించారు. 'నర్తనశాల' (1963)లో భీముడి వేషం ఆయనదే. నగరంలోని ఇండోర్ స్టేడియానికి ఆయన పేరు పెట్టారు. కుస్తీ, బరువులు, చెడుగుడు వేరువేరు విద్యలైనా బస్కీలు, దండేలు తీసే చోటు ఒక్కటే కావడంతో ఒక ఆటలోని బలం ఇంకో ఆటలోకి వచ్చేది. (చూ. వ్యాయామశాలలు, కుస్తీ.)

ఆసియా స్థాయిలో 1982 ఢిల్లీ క్రీడల్లో కబడ్డీ ప్రదర్శన ఆటగా సాగింది. 1990 బీజింగ్‌లో పతకాల ఆట అయింది, 2010 గ్వాంగ్‌జౌలో స్త్రీల విభాగం చేరింది. భారత పురుషుల జట్టు 1990 నుంచి వరసగా స్వర్ణం గెలుస్తూ వచ్చి 2018లో జకార్తాలో ఇరాన్ చేతిలో సెమీఫైనల్లో ఓడింది. హాంగ్‌జౌలో 2023లో జరిగిన పోటీల్లో స్వర్ణాన్ని తిరిగి తెచ్చుకుంది.

పంట కాలం, బరి

డెల్టాలో ఆటకు కాలం నిర్ణయించేది వరి. బెజవాడ దగ్గర కృష్ణకు ఆనకట్ట 1852, 1855 సంవత్సరాల మధ్య కట్టారు. దాని స్థానంలో ప్రకాశం బ్యారేజీ 1957లో పూర్తయింది. కాలువ నీరు వచ్చాక ఊరి ఏడాదంతా నాట్లు, కోతలు, నూర్పిళ్ల చుట్టూ తిరగసాగింది. నాట్ల రోజుల్లో ఆట ఊసే ఉండదు. నవంబరు, డిసెంబరుల్లో సార్వా కోతలై, కుప్పలు పడి, చేతిలో కాస్త డబ్బూ ఒంట్లో కాస్త తీరికా కలిసేది సంక్రాంతి ముందు. అందుకే జనవరి 13 నుంచి 16 దాకా, భోగి మొదలు కనుమ, ముక్కనుమ వరకు ఆటలన్నీ ఒక్కసారే విరుచుకుపడతాయి. కోడి పందేలు, ఒంగోలు జాతి ఎడ్ల బండలాగుడు, ముగ్గుల పోటీలు, వాలీబాల్, వాటి నడుమ చెడుగుడు. రెండో విడత శ్రీరామనవమి, ఊరి జాతర, వేసవి సెలవుల్లో వస్తుంది.

కోత అయ్యాక పొలాలన్నీ ఖాళీగా ఉంటాయి, వాటిలో ఆడతారు అని బయటివారు అనుకోవచ్చు. కృష్ణా డెల్టా సంగతి అది కాదు. ఇక్కడ వరి కోతకు రెండు మూడు రోజుల ముందే నిలబడ్డ చేలో మినుములు, పెసలు చల్లుతారు. కోత అయ్యేసరికి మాగాణి తడిలో రెండో పైరు మొలకెత్తి ఉంటుంది. దాన్ని తొక్కడానికి ఏ రైతూ ఒప్పుకోడు. కాబట్టి ఆట కళ్లంలో, బడి ఆవరణలో, చెరువు పక్కన పోరంబోకులో, గుడి ముందు, కృష్ణ ఇసుక తిన్నెల మీద సాగింది. దివిసీమలో, నది పక్క లంకల్లో ఇసుక బరులకు కొదవ లేదు.

మిగతా చోట నేల నల్లరేగడి. ఎండితే పగుళ్లిస్తుంది, తడిస్తే కాలు పీక్కోలేనంత బంకగా ఉంటుంది. చెడుగుడు బరి తయారు చేయడం పెద్ద పని. వారం ముందు నేల దున్ని, పెళ్లలు చితక్కొట్టి, రాళ్లు, గాజుపెంకులు, తుమ్మముళ్లు ఏరతారు. నీళ్లు చల్లి అణగ్గొట్టి, పైన ఇసుకో, వరి ఊకో, రంపపు పొట్టో పరుస్తారు. ఊక మెత్తగా ఉన్నా చెమట ఒంటికి అంటుకుని దురద పెడుతుంది. ఇసుక ఒరిపిడికి మోకాళ్ల తోలు లేస్తుంది. ఏది పరిచినా తిట్లు మాత్రం నిర్వాహకులకే. గీతలకు సున్నం. గాలికి చెరిగిపోతుందని కొన్నిచోట్ల నవారు పట్టీ పరిచి మేకులు కొడతారు.

పోటీ రాత్రి

పగలు పని, ఎండ ఉంటాయి కనుక పెద్ద పోటీలు రాత్రిపూట జరుగుతాయి. నాలుగు వెదురు గుంజలకు, తర్వాతి కాలంలో ఇనుప స్తంభాలకు, లైట్లు కడతారు. ఒక వైపు షామియానా, దాని కింద ముఖ్య అతిథులకు కుర్చీలు, బల్ల మీద కప్పులు, షీల్డులు, పూలదండలు. మిగతా మూడు వైపులా తాడు, తాడు అవతల జనం. ముందు వరసలో నేల మీద పిల్లలు, వాళ్ల వెనక నిలబడ్డవాళ్లు, ట్రాక్టరు ట్రక్కులు ఎక్కినవాళ్లు, ప్రహరీ గోడ మీద కూర్చున్నవాళ్లు. ఆడవాళ్లు ఎక్కువగా చుట్టుపక్కల డాబాల మీది నుంచి చూస్తారు. వేరుశెనక్కాయలు, మిరపకాయ బజ్జీలు, టీ బండి తప్పనిసరి.

ఈ రాత్రికి గొంతు మైకు. మైకు పట్టుకునేది సాధారణంగా ఒకప్పుడు ఆడినవాడే. ఎవరు కూతకెళ్తున్నారో, స్కోరు ఎంతో, తప్పిపోయిన పిల్లవాడు ఎక్కడున్నాడో, ఎవరి మోటారు సైకిలు దారికి అడ్డంగా ఉందో అన్నీ ఆయనే చెబుతాడు. మంచి కూత పడగానే కానుకల ప్రకటన మొదలవుతుంది. ఫలానా వారు ఈ కూతకు మెచ్చి నూట పదహార్లు అనగానే పక్కవాడు రెండొందల పదహార్లు అంటాడు. నోటు చేతులు మారి బరిలోకి వస్తుంది. ఆటగాడు దాన్ని కళ్లకద్దుకుని బయట ఉన్న తన జట్టువాడికి ఇస్తాడు. నాటకానికి, బుర్రకథకు, హరికథకు ఇలాగే చదివింపులు సాగేవి. అంటే ఆటగాణ్ని మెచ్చే పద్ధతి కళాకారుణ్ని మెచ్చే పద్ధతి నుంచే వచ్చింది.

ఒక కూత ఇలా నడుస్తుంది. ఆటగాడు నడిమి గీత దగ్గర వంగి నేల తాకి, ఆ చేతిని కళ్లకు అద్దుకుంటాడు. తొడ మీద ఒక చరుపు. గుండె నిండా గాలి పీల్చి కూత అందుకుని గీత దాటతాడు. అవతలివాళ్లు రెండు కొసల్లో మూలవాళ్లను ముందుకు పెట్టి, చేతులు గొలుసులా కట్టి, అర్ధచంద్రంలా వెనక్కి జరుగుతారు. అతను ఎడమ మూలకు నడుస్తున్నట్టు నడిచి ఒక్కసారిగా కుడివైపు కాలు చాపుతాడు. వేలి కొస ఎవరి మోకాలికో తగులుతుంది. అదే క్షణంలో మూలవాడు కింద పడి చీలమండ అందుకుంటాడు. గొలుసు మూసుకుంటుంది, ఒకడు నడుము పట్టు పడతాడు, ఇంకొకడు వీపు మీద పడతాడు. కూతగాడు ఆ ముగ్గురినీ ఈడ్చుకుంటూ గీత వైపు పాకుతాడు. చెయ్యి చాస్తాడు. వేళ్లు గీతకు జానెడు దూరంలో ఉంటాయి. అంపైరు మోకాళ్ల మీద కూర్చుని ఆ వేళ్లనే చూస్తుంటాడు. దుమ్ము లేస్తుంది. ఆ కొద్ది సెకన్లు మైకు కూడా ఆగిపోతుంది.

డబ్బు, బహుమతులు, కిరాయి ఆటగాళ్లు

ప్రతి బహుమతికీ ఒక దాత ఉంటాడు. మొదటి బహుమతి ఒకరి తండ్రి జ్ఞాపకార్థం, రెండోది ఇంకొకరి తాత పేరున, షీల్డులు ఒక షాపువారివి, భోజనాలు ఊరి పెద్దవి. గోడపత్రికలో ఆటగాళ్ల పేర్లకన్నా దాతల పేర్లే పెద్ద అక్షరాల్లో ఉంటాయి. అమెరికాలో స్థిరపడిన ఊరివాళ్లు డబ్బు పంపడం, పండక్కి వచ్చి బహుమతులు అందించడం డెల్టాలో మామూలైంది. సినిమా అభిమాన సంఘాలు, రాజకీయ పార్టీల స్థానిక నాయకులు కూడా పోటీలు నడుపుతారు. కాబట్టి పోటీ జరిపించడమంటే ఊళ్లో తన స్థాయి చాటుకోవడం కూడా. ఊరికి కావలసింది ఆట, దాతకు కావలసింది మైకులో తన పేరు. బేరం ఇద్దరికీ గిట్టుబాటే.

పందేలు ఉంటాయి. కానీ కోడి పందేల బరిలో చేతులు మారే సొమ్ముతో పోలిస్తే చెడుగుడు పందేలు చిన్నవి. 1974 నాటి రాష్ట్ర జూద నిరోధక చట్టం, 1960 నాటి జంతుహింస నిరోధక చట్టం కోడి పందేలను వెంటాడుతుంటాయి. చెడుగుడుకు ఆ బెడద లేదు. పండగ రోజుల్లో చెప్పుకోదగ్గ పద్ధతైన వినోదంగా అధికారులు, బడులు దీన్నే ముందుకు తెస్తాయి. (చూ. కోడి పందేలు, బండలాగుడు.)

తగాదాలకు కూత తర్వాత పెద్ద కారణం బయటి ఆటగాడు. ఊరి జట్టు పేరుతో దిగినవాడు ఆ ఊరివాడు కాడు, పక్క జిల్లా నుంచి తెచ్చారు అన్న మాట ప్రతి పోటీలో ఎక్కడో ఒకచోట వినపడుతుంది. రానుపోను ఖర్చులు, భోజనం, కొంత పైకం ఇచ్చి పేరున్న కూతగాణ్ని తెచ్చుకోవడం రహస్యమేమీ కాదు. దీన్ని అరికట్టాలని కొన్ని పోటీల్లో ఆధార్ కార్డు చూపమంటారు. మరికొన్ని పోటీలు జట్టుకు ఇద్దరు బయటివాళ్లను అనుమతిస్తామని కరపత్రంలోనే అచ్చేసి గొడవ తప్పించుకుంటాయి.

జట్లు, వాడలు, కులం

ఊరంటే ఒక్క జట్టు కాదు. పడమటి బజారు, తూర్పు బజారు, చెరువుగట్టు, పేట, పాలెం, వాడ ఒక్కోదానికి ఒక్కో జట్టు. ఈ పేర్ల వెనక కులం ఉంటుంది. బజారు జట్టు, దళితవాడ జట్టు విడిగా ఆడుకుని, ఊరి పరువు కోసం బయటి జట్టుతో ఆడాల్సి వచ్చినప్పుడు కలిసేవి. చెడుగుడులో అంటడమే ఆట. మనిషిని మనిషి ముట్టకుండా దీన్ని ఆడలేరు. అంటరానితనం పాటించిన సమాజంలో ఈ ఆటకు ఆ కారణంగా ఒక విచిత్రమైన స్థానం దక్కింది. వేరువేరు బరులుండటం ఆ అడ్డుగోడకు రుజువు. బడి జట్టులో అందరూ ఒకే గొలుసు కట్టి నిలబడటం ఆ గోడకు పడ్డ పగులు. బరిలో పడ్డ పగులు ఊరి హోటలు దాకా, ఇంటి పెళ్లి దాకా వెళ్లిందని చెప్పడం మాత్రం అతిశయోక్తి.

కూలి పనిచేసే కుటుంబాల నుంచి ఎక్కువమంది ఈ ఆటలోకి రావడానికి కారణం సులువుగానే తెలుస్తుంది. క్రికెట్ కిట్టు కొనాలి, టెన్నిస్‌కు కోర్టు కావాలి. చెడుగుడుకు ఒక నిక్కరు చాలు, బూట్లు కూడా అక్కర్లేదు. పైగా రైల్వే, పోలీసు, రక్షణ దళాల్లో క్రీడా కోటా ఉద్యోగాలు ఆటను బతుకుతెరువుగా మార్చాయి. జిల్లా జట్టులో ఆడిన సర్టిఫికెట్టును ప్లాస్టిక్ కవరులో పెట్టి బీరువాలో దాచే ఇళ్లు డెల్టా పల్లెల్లో కనిపిస్తాయి.

స్త్రీలు

పాత పల్లెలో ఆడపిల్లల ఆటలు వేరు: ఒప్పులకుప్ప, తొక్కుడుబిళ్ల, అచ్చనగాయలు. చిన్నప్పుడు అన్నదమ్ములతో కలిసి చెడుగుడు ఆడినా, వయసు వచ్చాక ఆట మానిపించేవాళ్లు. బాలికల ఉన్నత పాఠశాలలు, మహిళా కళాశాలలు, క్రీడా వసతి గృహాలు వచ్చాక ఆ పరిస్థితి మారింది. స్త్రీల కబడ్డీ పండగ బరి నుంచి పుట్టలేదు, బడి మైదానం నుంచి పుట్టింది. అందుకే డెల్టాలో స్త్రీల పోటీలు సంక్రాంతి రాత్రుల్లో కన్నా పాఠశాలల, విశ్వవిద్యాలయాల పోటీల్లో ఎక్కువ కనిపిస్తాయి. 2023 డిసెంబరు 26న గుంటూరు జిల్లా నల్లపాడులో మొదలై 2024 ఫిబ్రవరిలో విశాఖపట్నంలో ముగిసిన ప్రభుత్వ కార్యక్రమం 'ఆడుదాం ఆంధ్రా'లో కబడ్డీ ఐదు ప్రధాన ఆటల్లో ఒకటి. గ్రామ సచివాలయ స్థాయి నుంచి స్త్రీలకు విడిగా పోటీలు పెట్టారు.

గాయాలు

చీలమండ మెలిక, మోకాలి కీలు, భుజం జారడం, వేళ్లు విరగడం ఈ ఆటలో సాధారణం. మోకాలి లోపలి లిగమెంటు తెగితే ఆటగాడి పని అయిపోయినట్టే. పల్లెల్లో మొదటి వైద్యం ఉప్పు కాపడం, పసుపు సున్నం పట్టు. ఎముక విరిగిందనిపిస్తే కట్టు కట్టే నాటు వైద్యుడి దగ్గరికి వెళ్లేవారు. సింథటిక్ మ్యాట్ వచ్చాక తోలు లేచిపోవడం తగ్గింది. మట్టిలో పుట్టి పెరిగిన ఆటగాడికి మ్యాట్ మీద బూట్లతో ఆడటం కొత్త విద్యే: ఇసుకలో జారే కాలు మ్యాట్ మీద అతుక్కుంటుంది, మెలిక మోకాలికి పడుతుంది. ఊళ్లో మేటి అనిపించుకున్నవాడు జిల్లా ఎంపికల్లో తడబడటానికి ఇదొక కారణం.

పోల్చదగిన ఆట: తొలినాటి అమెరికన్ ఫుట్‌బాల్

పండగ, పరువు, దెబ్బలు, కిరాయి ఆటగాళ్లు కలగలిసిన ఇలాంటి సంస్కృతే 19వ శతాబ్దం చివర అమెరికన్ ఫుట్‌బాల్ చుట్టూ పెరిగింది. రట్గర్స్, ప్రిన్స్‌టన్ కళాశాలలు 1869 నవంబరు 6న జట్టుకు 25 మందితో ఆడిన పోటీని దాని ఆరంభంగా చెబుతారు. రట్గర్స్ 6-4తో గెలిచింది. నియమాలు తర్వాత వచ్చాయి. వాల్టర్ క్యాంప్ చొరవతో 1880లో జట్టుకు 11 మంది అన్న లెక్క స్థిరపడింది. డెల్టాలో సంక్రాంతిలాగా అక్కడ పంటల పండగైన థాంక్స్‌గివింగ్ నాడు పెద్ద పోటీలు జరపడం 1876 నుంచి ఆనవాయితీ అయింది. అందరూ ఒకరినొకరు పట్టుకుని మేకులా దూసుకెళ్లే 'ఫ్లయింగ్ వెడ్జ్' పద్ధతి 1892లో వచ్చి, దెబ్బలు మరీ ఎక్కువై 1894లో నిషేధానికి గురైంది. చెడుగుడు గొలుసు ఆపడానికి కట్టేది, ఈ వెడ్జ్ దూసుకెళ్లడానికి కట్టింది. 1892 నవంబరు 12న ఒక్క ఆటకు 500 డాలర్లు పుచ్చుకున్న హెఫెల్‌ఫింగర్‌ను తొలి వృత్తి ఆటగాడిగా లెక్కిస్తారు. మైదానంలో మరణాలు పెరగడంతో 1905లో అధ్యక్షుడు రూజ్‌వెల్ట్ కళాశాలల ప్రతినిధులను పిలిపించి మాట్లాడారు. 1906లో బంతిని ముందుకు విసరడానికి అనుమతి దొరికి, గుంపుగా తొక్కుకునే ఆట తగ్గుముఖం పట్టింది.

తేడా పుట్టుకలో ఉంది. ఆ ఆట సంపన్న కళాశాలల నుంచి ఊళ్లలోకి దిగింది, చెడుగుడు ఊళ్ల నుంచి కళాశాలలకు ఎక్కింది. అక్కడ పట్టభద్రుల సంఘాలు పెట్టిన డబ్బు ఇక్కడ జ్ఞాపకార్థ దాతలు పెడతారు. డెల్టా పోటీల్లో ప్రవేశ రుసుము కట్టేది ఆడే జట్టే, చూసే జనానికి టికెట్టు ఉండదు.

సినిమా, ప్రసారం

తెలుగు సినిమా ఈ ఆటను 2003లో గట్టిగా పట్టుకుంది. ఆ ఏడాది సంక్రాంతికి విడుదలైన గుణశేఖర్ చిత్రం 'ఒక్కడు'లో మహేశ్‌బాబు కబడ్డీ ఆటగాడు. అదే ఏడాది జగపతిబాబు కథానాయకుడిగా 'కబడ్డీ కబడ్డీ' వచ్చింది. నాని నటించిన 'భీమిలి కబడ్డీ జట్టు' (2010) తమిళ చిత్రం 'వెన్నిల కబడ్డి కుళు'కు పునర్నిర్మాణం. గోపీచంద్ ఆంధ్ర స్త్రీల జట్టు శిక్షకుడిగా 'సీటీమార్' 2021లో వచ్చింది. ఈ నాలుగింటిలో ఏదీ కృష్ణా డెల్టా కథ కాదు.

2014 జులై 26న మొదలైన ప్రొ కబడ్డీ లీగు ఆటను ఏసీ స్టేడియంలోకి, రంగుల మ్యాట్ మీదికి తెచ్చింది. తెలుగు టైటాన్స్ మొదటి సీజన్ నుంచీ అందులో ఉంది. సొంత పోటీలు విశాఖపట్నంలో, హైదరాబాద్‌లో ఆడింది. డెల్టా ప్రేక్షకుడికి ఆ జట్టు టీవీలోనే దగ్గర. లీగు ప్రభావం మాత్రం పల్లె బరి దాకా వచ్చింది. జెర్సీల వెనక పేర్లు అచ్చు వేయించుకుంటున్నారు, వరసగా రెండు కూతలు ఖాళీగా పోతే మూడోది తప్పనిసరిగా పాయింటు తేవాలన్న 'డూ ఆర్ డై' నియమం కరపత్రాల్లోకి ఎక్కింది, సెల్‌ఫోన్ టైమరు పట్టుకుని ఒకడు 30 సెకన్లు లెక్కపెడుతున్నాడు. చదివింపులకు ఇప్పుడు బల్ల మీద క్యూఆర్ కోడ్ అట్ట కూడా పెడుతున్నారు. డబ్బు అందినట్టు ఫోను చెబుతుంది, దాత పేరు మైకు చెబుతుంది.

(చూ. సంక్రాంతి, కోడి పందేలు, బండలాగుడు, కృష్ణా డెల్టా కాలువలు, పాఠశాల క్రీడలు.)